బియ్యం గ్లాసులో అగరొత్తి

ఆ రోజుల్లో నాకు రెండు జబ్బులుండేవి. ఒకటి జలుబు. ఐర్లండులో మెయ్‌నూత్ అనే ఊళ్ళో దిగిన మర్నాడే పట్టుకుంది, చదువయ్యేదాకా వదల్లేదు. రెండోది సినిమా పిచ్చి. ఇంట్లోవాళ్ళు నన్ను ఐర్లండు పంపింది డేటా ఎనలిటిక్స్ చదువుకోమని. నేను చదివిందీ అదే (మార్కులు మాత్రం అడక్కండి). కానీ సాయంత్రం అయ్యేసరికి నా కాళ్ళు లైబ్రరీ వైపు రెండడుగులు వేసి, అక్కణ్ణించి సినిమా క్లబ్బు వైపు తిరిగిపోయేవి. ఆ క్లబ్బులో ఏమీ జరగని సినిమాలు వేసేవాళ్ళు. ఎంత ఏమీ జరగకపోతే అంత గొప్ప సినిమా అని నేను కొత్తగా మతం పుచ్చుకున్నదాన్ని కదా, ఇంటర్వెల్ ముందు ఫైటూ, ఇంటర్వెల్ తర్వాత పాటా చూస్తూ పెరిగిన నా గతాన్ని చూసి నాకే సిగ్గేసేది. ఫోన్లో అమ్మ 'ఏం చేస్తున్నావే?' అనడిగితే 'నిశ్శబ్దం గురించి ఆలోచిస్తున్నానమ్మా' అనేదాన్ని. 'జ్వరం ఉందేమో చూసుకో' అనేది అమ్మ.

ఆ క్లబ్బులోనే నాకు జపాన్ పెద్దాయన సినిమాలు తెలిశాయి. (ఆయన పేరు చెప్పను. చెబితే మీరూ మా బావ పలికినట్టే పలుకుతారు, ఆ పాపం నాకెందుకు.) కుర్రతనంలో ఏదో స్టూడియోలో సైకిళ్ళు చూసుకునే పనికి చేరి, ఆ తర్వాత ఇతరులు రాసిన స్క్రిప్టులు సాఫుగా తిరగరాసే పనిలోకి వెళ్ళారట. తిరగరాస్తూ, తనకి అనవసరం అనిపించిన డైలాగులు చడీచప్పుడు లేకుండా కొట్టేసేవారట. కొట్టేసిన చోటల్లా సినిమా బాగుంటోందని ఓ నిర్మాత కనిపెట్టి, దొంగని పట్టుకున్నట్టు పట్టుకుని, 'ఇకనించి నువ్వే రాయి' అన్నాడట. అలా ఎందరికో రాసి రాసి, జుట్టు నెరిశాక గానీ దర్శకుడు కాలేదు. తీసినవి తక్కువే. అన్నిట్లోనూ మొదటి పావుగంటలో ఎవరో ఒకరు పోతారు. పోయిన మనిషి గురించి మిగిలినవాళ్ళు ఒక్క ముక్క మాట్లాడరు. అన్నం తింటారు, గొడుగు మడుస్తారు, పండు ఒలుస్తారు. చూస్తూ చూస్తూ మనం ఏడుస్తాం. ఎందుకేడ్చామో మర్నాటికి గానీ తెలియదు.

అలాంటి పెద్దాయనని మా క్లబ్బు పిలిచింది, ఆయన వస్తానన్నారు! ఎందుకొస్తున్నారంటే, రాసిపెట్టుకున్న కథ ఇంకొకటి మిగిలుందట. పడమటి సముద్రం ఒడ్డున చిన్న ఊరు, వాన, ఒక ముసలాయన. స్లైగో దగ్గరి తీరం చూస్తారట. నచ్చితే వచ్చే వేసవిలో అక్కడే తీస్తారు, నచ్చకపోతే ఇక సినిమాలకి దణ్ణం పెట్టి ఇంట్లో కూర్చుంటారు. తీసేమాటైతే ఇక్కడి కుర్రవాళ్ళలో ఒకరిని సహాయంగా పెట్టుకుంటారు. ఈ ఆఖరి ముక్క విన్నాక నాకింకేమీ వినపడలేదు. ఎందుకంటే స్లైగో మా అక్క ఊరు! అక్క అక్కడి పెద్దాసుపత్రిలో రక్తపరీక్షలు చేస్తుంది, బావ ఇంట్లోనే కూర్చుని సాఫ్ట్‌వేర్ పని చేసుకుంటాడు, వాళ్ళకో పెద్ద కారుంది. 'ఆయన్ని నేను తిప్పి చూపిస్తాను' అని క్లబ్బులో చెయ్యెత్తేశాను. రొట్టె విరిగి నేతిలో పడిందనుకున్నాను. ఆలూ లేదు చూలూ లేదు గానీ, మా సినిమా విడుదల రోజున కట్టుకోవాల్సిన చీర రంగు కూడా ఆ రాత్రే ఖాయం చేశాను.

బావకి ఫోన్ చేసి ఉన్న సంగతి చెప్పాను. ఆ పని నాకు కావాలి, దానికోసం ప్రాణం పెడతాను, కాస్త కారు తీసుకురా అన్నాను.

"కారుదేముంది మరదలా," అన్నాడు బావ (బావది గుంటూరు, ఏ విషయమైనా నేను చూసుకుంటానంటాడు, భయమేసేది అక్కడే). "పెద్దోళ్ళ మనసు గెలవాలంటే మన దగ్గర ఒకటే మందు. సన్మానం చేసేద్దాం."

"వద్దు బావా! ఆయన మహా మొహమాటస్తుడు. నలుగురు చూస్తే తల దించుకుంటారట."

"దించుకోనీ. శాలువా కప్పడానికి వీలుగా ఉంటది."

నేను అవుననీ అనలేదు, కాదనీ అనలేదు. (అనలేదంటే, అరిచాను గానీ అప్పటికే ఫోన్ పెట్టేశాడు.) ఆ సాయంత్రానికల్లా విషయం ప్రెసిడెంట్ అంకుల్ దాకా వెళ్ళింది. ఆయనది వరంగల్. స్లైగోలో మనవాళ్ళున్నవి గుప్పెడిళ్ళు, వాటికో సంఘం, ఆ సంఘానికి ఆయన శాశ్వత ప్రెసిడెంటు. సన్మానించదగ్గ మనిషి ఆ దరిదాపులకి వచ్చి చాలా కాలమవడంతో ఆయన ఇంట్లో ప్రెస్సులో (ఇక్కడ అలమరాని అలాగే అంటారు) శాలువాలు మడతలు విప్పకుండా మూలుగుతున్నాయి. 'బిడ్డా, నువ్వేం ఫికర్ జెయ్యకు. జపాన్ సార్‌ని దేవుని లెక్క జూస్కుంటం' అని నాకు వాయిస్ మెసేజి పెట్టారు. అన్నమాట అక్షరాలా నిలబెట్టుకున్నారు.

సన్మానం చేసేముందు కనీసం ఒక్క సినిమా అయినా చూడకపోతే బావుండదని నేను పట్టుబట్టి, ముందు శనివారం అక్కావాళ్ళింట్లో అందర్నీ కూర్చోబెట్టాను. మిరపకాయ బజ్జీల ఆశ చూపిస్తే వచ్చారు. సినిమాలో ఒక ముసలాయన భార్య పోతుంది. ఆయన వచ్చి వంటగదిలో కూర్చుని బత్తాయి ఒలవడం మొదలుపెడతాడు. 'ఇప్పుడు చూడండి, ఇదే గొప్ప సీను' అన్నాను. చూశారు. ఒలుస్తున్నాడు. ప్రెసిడెంట్ అంకుల్ బజ్జీ తిన్నారు. ఒలుస్తున్నాడు. అక్క లేచివెళ్ళి పప్పులో తాలింపు వేసి, ఆ ఘాటుకి తుమ్మి, చెయ్యి తుడుచుకుంటూ తిరిగొచ్చింది. ఇంకా ఒలుస్తున్నాడు. 'నెట్టు పోయి ఆగిపోయిందేమో చూడండి' అంది. 'లేదే, వేళ్ళు కదులుతున్నాయి' అన్నాడు బావ. నాకు తల కొట్టేసినట్టయింది. ఇలాంటివాళ్ళ మధ్యకా ఆయన్ని తీసుకురావడం అనుకున్నాను.

ఆ రోజు రానే వచ్చింది. నవంబరు, ఆకాశం మూడు రోజుల్నించి ముసురుపట్టి ఉంది. పెద్దాయన పొట్టిగా, నల్ల కోటులో, టోపీ పెట్టుకుని, చేతిలో ఏమీ లేకుండా దిగారు. పక్కన ఆయన మాటలు మనకి ఇంగ్లీషులో, మన ఇంగ్లీషు ఆయనకి వాళ్ళ భాషలో చెప్పే జపాన్ అమ్మాయి. గాల్వేలో చదువుకుందట, ఇంగ్లీషు అచ్చం ఇక్కడివాళ్ళలాగే మాట్లాడుతుంది, ప్రతి మాట చివరా 'గ్రాండ్' (బాగుందనడానికి ఇక్కడి మాట) అంటుంది. పొద్దున్నంతా నేను బావ కారు వెనక సీట్లో ఆయన పక్కనే కూర్చుని నిశ్శబ్దం గురించి ఎడతెరిపి లేకుండా మాట్లాడాను. ఆయన కిటికీలోంచి వానని చూస్తూ కూర్చున్నారు. 'నచ్చిందంటారా?' అని ఆ అమ్మాయిని మెల్లిగా అడిగాను. 'అలసిపోయారు. నాకైతే ఇక తీయరనిపిస్తోంది' అంది. నా గుండె జారి బూట్లలోకి పోయింది.

మధ్యాహ్నం ప్రెసిడెంట్ అంకుల్ ఫోన్. "బిడ్డా, జెర హాలుకి రా. మీ బావ సరస్వతమ్మ ఫోటో ఇంట్లనే మర్చిండు. దీపం ఏడ బెట్టాలె?" బావ నన్ను హాలు దగ్గర దింపేసి, పెద్దాయనని తీరం చూపించడానికి తీసుకెళ్ళాడు. నాలుగింటికి సభ. అది చర్చి పక్కన పాత హాలు. లోపలికెళ్ళేసరికి ప్రెసిడెంట్ అంకుల్ బల్ల సర్ది, నడుం మీద చేతులు పెట్టుకుని నా మెచ్చుకోలు కోసం చూస్తున్నారు.

ఒక్కటొక్కటే చెబుతాను, ఎందుకంటే ఒక్కొక్కటీ విడిగా చూస్తే ఎవరి తప్పూ కాదు. సరస్వతీదేవి పటం లేదు కాబట్టి, ఆ చోట పెద్దాయన ఫోటో పెట్టారు. ఆయన కళాత్మక దర్శకుడు కదా అని ఫోటోని నలుపు తెలుపులో నిలువెత్తు చేయించారు. దొరికింది నల్ల ఫ్రేము. పూలకి వెతికితే సూపర్‌మార్కెట్లో మన చామంతులే దొరికాయి, పసుపువి దీపావళికి మనవాళ్ళే ఊడ్చేస్తే తెల్లవి మిగిలాయి. ఎదురుగా దీపం వెలిగించారు. అగరొత్తుల స్టాండు కనపడకపోతే అక్క తన స్టీలు గ్లాసులో బియ్యం పోసి అందులో గుచ్చింది. అది అక్క పెళ్ళికి అమ్మమ్మ పెట్టిన సెట్టులోది, గ్లాసు మీద అమ్మమ్మ పేరు చెక్కి ఉంటుంది.

"ఫోటోకి దండ మాత్రం ఎయ్యలే," అన్నారు ప్రెసిడెంట్ అంకుల్, ఎంతో అనుభవజ్ఞుడిలా. "బతికున్నోళ్ళ ఫోటోకి దండ ఎయ్యొద్దు, అపశకునం. పూలు సుట్టూత పెట్టిపిచ్చిన. గీ సంగతులు తెల్వాలె మరి." నిజమే కదా అని నేనూ ఆయన ముందుచూపుకి మురిసిపోయాను.

ఇంతలో హాలు తాళాలు చూసుకునే ఐరిష్ తాత లోపలికొచ్చాడు. బల్లవైపు చూశాడు. టోపీ తీశాడు. నెమ్మదిగా నా దగ్గరికొచ్చి రెండు చేతులతో నా చెయ్యి పట్టుకుని "సారీ ఫర్ యువర్ ట్రబుల్" అన్నాడు. హాల్లో హీటర్ పనిచేయడం లేదు, దాని గురించేననుకున్నాను.

"అయ్యో, పరవాలేదండీ. మాకు అలవాటైపోయింది," అన్నాను. (ఎవరైనా పోతే ఇక్కడివాళ్ళు పలకరించే మాట అదేనని నాకెవరు చెప్పారు?)

తాత కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "బాగా దగ్గరివారా?"

"చాలా! ఆయన వల్లే నేనిలా తయారయ్యాను."

"ఎప్పుడు తీసుకొస్తున్నారు?"

"నాలుగింటికండీ. మా బావ కారులో."

"మామూలు కారులోనా!"

"పెద్ద కారేనండీ. పాప సీటు తీసేశాం, కాళ్ళు చాపుకోవడానికి చోటుంది."

తాత శిలువ గుర్తు వేసుకుని, ఫోన్ తీసుకుని బయటికెళ్ళిపోయాడు. పాపం భక్తిపరుడు అనుకున్నాను.

నా దిగులు వేరే ఉంది. మనవాళ్ళలో సగంమంది డబ్లిన్‌లో ఎవరిదో పుట్టినరోజుకి వెళ్ళిపోయారు. ఖాళీ కుర్చీల ముందు ఆ పెద్దమనిషికి శాలువా కప్పితే, ఈ ఊళ్ళో సినిమా తీయడం మాట దేవుడెరుగు, ఈ దేశం వైపు కూడా చూడరు. అలా చేతులు నలుపుకుంటూ నిలబడ్డానా, మూడున్నర దాటేసరికి తలుపు తెరుచుకుంది. నల్ల కోట్లు వేసుకున్న ముసలివాళ్ళు, పడుచువాళ్ళు, చేతుల్లో శాండ్‌విచ్‌ల పళ్ళేలతో, కేకులతో, కెటిళ్ళతో వస్తూనే ఉన్నారు. ఒక్కొక్కరే వరసలో వెళ్ళి ఫోటో ముందు తల వంచుకుని నిలబడుతున్నారు. నా చెయ్యి పట్టుకుంటున్నారు. ఒక పెద్దావిడ ఏకంగా మోకాళ్ళ మీద కూర్చుంది. మీకు అనుమానం రాలేదా అంటారేమో. హీరోల కటౌట్లకి పాలతో అభిషేకం చేసే జాతి మనది, సినిమా మనిషి ఫోటో ముందు ఎవరో మోకరిల్లితే నాకేం తేడాగా అనిపిస్తుంది? స్లైగో ప్రజలకి ప్రపంచ సినిమా మీద ఇంత భక్తి ఉందని తెలియక ఇన్నాళ్ళూ మెయ్‌నూత్‌లో మగ్గిపోయానే అనుకున్నాను.

"జూసినవా బిడ్డా," అన్నారు ప్రెసిడెంట్ అంకుల్ ఛాతీ పొంగించి. "ఒక్కటే వాట్సాప్ మెసేజి బెట్టిన. పబ్లిసిటీ అంటే గిట్లుంటది."

సరిగ్గా నాలుగింటికి బావ తలుపు తీసి, పెళ్ళికొడుకుని తెచ్చినట్టు పెద్దాయనని లోపలికి తెచ్చాడు. జపాన్ అమ్మాయి రెండడుగులు వేసి ఆగిపోయింది. ఆ అమ్మాయి ముఖం పాలిపోయింది, నోట్లో 'గ్రాండ్' కూడా లేదు. పెద్దాయన కూడా ఆగారు. దూరంగా బల్ల మీది తన ఫోటోని చూస్తున్నారు. ఇంతలో తాళాల తాత గబగబా ఎదురెళ్ళి ఆయన రెండు చేతులూ పట్టుకున్నాడు.

"సారీ ఫర్ యువర్ ట్రబుల్. మీ అన్నగారా? అచ్చం అదే పోలిక!"

అప్పుడు మా అక్క కూతురు (అయిదేళ్ళది, మన మాట అర్థమవుతుంది గానీ జవాబు మాత్రం ఐరిష్ యాసలోనే) హాలంతా వినపడేలా, "పిన్నీ! దట్స్ హిమ్! హీ ఈజ్ ద మ్యాన్ ఇన్ ద ఫోటో!" అని అరిచింది.

చేతిలో కప్పు ఉన్నవాళ్ళు కప్పుతో, శాండ్‌విచ్ ఉన్నవాళ్ళు శాండ్‌విచ్‌తో అలాగే ఉండిపోయారు. జపాన్ అమ్మాయి నా చెవి దగ్గరికొచ్చి, మాటలు కూడదీసుకుంటూ చెప్పింది. నల్ల ఫ్రేములో ఫోటో, తెల్ల చామంతులు, దీపం, అన్నిటికన్నా బియ్యంలో నిలువుగా గుచ్చిన అగరొత్తి. వాళ్ళ దేశంలో ఇవన్నీ ఒక్కచోట చేర్చి పెట్టేది మనిషి పోయినప్పుడే. నేను కుడితిలో పడ్డ ఎలుకనైపోయాను. ప్రెసిడెంట్ అంకుల్ చెవిలో ఊదితే ఆయన "గట్లెట్ల? దండ ఎయ్యలే గద!" అని లబలబలాడారు. మన అపశకునం తప్పించుకోబోయి వాళ్ళ అపశకునాన్ని అంగుళం తేడా లేకుండా పేర్చి పెట్టాం. నా కొలువు, నా సినిమా, నా చీర, అన్నీ ఆ బల్ల మీదే పొగలు కక్కుతూ కనిపించాయి.

పెద్దాయన నడిచారు. తిన్నగా బల్ల దగ్గరికి వెళ్ళి, టోపీ తీసి, తన ఫోటోకి తనే నడుం వంచి నమస్కరించారు. ఒక అగరొత్తి తీసి, దీపంలో వెలిగించి, అక్క గ్లాసులో పద్ధతిగా గుచ్చారు. చేతులు జోడించి కాసేపు నిలబడ్డారు. తర్వాత వెనక్కి తిరిగి ఏదో అన్నారు.

"ఈయన ఎలా పోయారు, అనడుగుతున్నారు," అంది ఆ అమ్మాయి.

అతిథి ఏదడిగినా వెంటనే జవాబివ్వడమే మర్యాద అనుకుంటాడు మా బావ.

"నిద్రలోనే సార్," అన్నాడు బావ. "ఏ బాధా లేకుండా."

పెద్దాయన చాలా తృప్తిగా తలూపారు. ముందు వరసలో ఒక కుర్చీ లాక్కుని కూర్చుని, కానివ్వండి అన్నట్టు చెయ్యి చూపించారు. ఆ అమ్మాయి ఆయన మాటల్ని ఒక్కొక్కటే చెప్పింది. "ఈ సీను నేను చాలాసార్లు రాశాను. పోయినవాడికి ఎప్పుడూ ఏమీ వినపడదు. ఇవాళ వింటాను. మాట్లాడండి."

ముందు తాళాల తాత లేచాడు. ఆయన తనకి తెలియకపోయినా మంచివాడిలాగే కనిపిస్తున్నాడనీ, బతికి ఉండటం ఇంకా మంచి విషయమనీ అన్నాడు. అందరూ హమ్మయ్యని నవ్వారు. ప్రెసిడెంట్ అంకుల్ శాలువా పట్టుకునే లేచి, సైకిళ్ళ దగ్గర మొదలుపెట్టి పెద్దాయన జీవితమంతా ఏకరువు పెట్టారు. 'సార్ సైకిళ్ళ కాడ కెల్లి షురూ జేసి గీ స్థాయికి వచ్చిన్రు, నేను గూడ హన్మకొండల సైకిల్ షాపుల పనిజేసిన' అని ఆఖర్న చెప్పి కూర్చున్నారు. ఆ సంగతి మాకెవరికీ తెలియదు. ఆయన భార్య, ఆంటీకి కూడా తెలియదట.

అప్పుడు అక్క లేచింది. నేను కళ్ళు మూసుకున్నాను.

"సార్, మీ సినిమా ఒకటే చూశా," అంది. "ఆ బత్తాయి ముసలాయనది. నేను వెళ్ళి తాలింపు పెట్టి వచ్చినా ఆయన ఇంకా ఒలుస్తానే ఉన్నాడు. నవ్వుకున్నాం. కానీ మా మావయ్యగారు పోయినరోజు మా అత్తగారు ఒక్క చుక్క కన్నీరు పెట్టలా. సాయంత్రం దాకా కూర్చుని చిక్కుడుకాయలు ఒలిచింది. ఈవిడకి గుండె లేదా ఏంటి అని అప్పుడు నాకు కోపమొచ్చింది. చాలా ఏళ్ళు ఆ కోపం అట్టాగే ఉంది. మొన్న మీ బత్తాయి చూశాక, రాత్రి మా అత్తగారికి ఫోన్ చేశా." కొంగు సర్దుకుంది. "అయినా సార్, ఇంకాస్త త్వరగా ఒలవచ్చు."

ఆ అమ్మాయి చెప్పడం పూర్తి చేసేసరికి పెద్దాయన రుమాలు తీశారు. కళ్ళు తుడుచుకుంటున్నారో నవ్వుతున్నారో తెలియలేదు, భుజాలు మాత్రం కదులుతున్నాయి. క్లబ్బులో నేను అన్నేసి సినిమాలు చూసి ఇలాంటి ముక్క ఒక్కటి కూడా ఎందుకు అనలేకపోయానా అని నాకు అక్క మీద అసూయ పుట్టింది.

చివరికి నా వంతు. వారం రోజులు అద్దం ముందు నిలబడి బట్టీపట్టిన ప్రసంగం. 'శూన్యంలోని నిర్మాణ సౌందర్యం' అనే మాటతో మొదలవుతుంది. ఎదురుగా ఫోటోలో ఆయన, కుర్చీలో ఆయన, ఇద్దరూ నన్నే చూస్తున్నారు. నోరు తెరిచాను. శూన్యమూ రాలేదు, సౌందర్యమూ రాలేదు. ముక్కు కారింది. "సార్, మీరు పోకండి!" అన్నాను, అన్నాక ఇక ఆగలేదు. "మీరు పోతే ఎలా సార్? సినిమా తీయండి. నాకు పని కావాలి. ఏ పనైనా పరవాలేదు. నేను బాగా చేస్తాను సార్!"

ఆ అమ్మాయి చెప్పింది. ఆయన కుర్చీలోంచి లేచి నిలబడి, పొద్దుట్నించి మొదటిసారి పళ్ళు కనపడేలా నవ్వారు.

"చచ్చినవాణ్ణి ఉద్యోగం అడిగిన మొదటి మనిషివి నువ్వే, అంటున్నారు," అంది ఆ అమ్మాయి. మళ్ళీ విని, "కాదంటే దెయ్యమై పట్టుకునేలా ఉన్నావట, అందుకని ఇస్తారట. గ్రాండ్!"

ఆ సాయంత్రం మన పులిహోరా, వాళ్ళ శాండ్‌విచ్‌లూ ఒకే పళ్ళెంలో కలిసిపోయాయి. తాళాల తాత పాడాడు, బావ పాడాడు (అది వేరే విషాదం). శాలువా కప్పుకునే పెద్దాయన హాలు కిటికీ దగ్గర నిలబడి వానని చూశారు. ఇక్కడే తీస్తానన్నారు. వెళ్ళేముందు అక్క దగ్గరికొచ్చి, బియ్యం గ్లాసు తనకిస్తారా అనడిగించారు. అక్క గ్లాసు వైపు చూసింది. అమ్మమ్మ పెట్టిన సెట్టు విడిపోతుంది మరి. కానీ బతికున్న మనిషికి సంతాపసభ చేసిన ఇంట్లోంచి కాదనడం ఎలా? బియ్యం పక్కకి వంపి, గ్లాసు కొంగుతో తుడిచి చేతిలో పెట్టింది.

అలా నా సినీజీవితం మొదలైంది. తర్వాతి వేసవిలో ఆయన ఆ తీరం మీద సినిమా తీశారు. కథ మార్చి, ముసలాయన సంతాపసభని అలాంటి హాల్లోనే పెట్టారు. బల్ల, నల్ల ఫ్రేము, తెల్ల చామంతులు, అక్క గ్లాసు. నాకిచ్చిన పని ఏమిటంటే, షాటు షాటుకీ ఆ అగరొత్తి పొడవు మారకుండా చూడటం! ఆయన ఒక్కో షాటూ తృప్తి కలిగేదాకా మళ్ళీ మళ్ళీ తీసేవారు. ప్రతిసారీ నేను కొత్త అగరొత్తి వెలిగించి, కాలి సగానికి కాస్త పైకి వచ్చేదాకా ఊదుతూ కూర్చుని, సరైన పొడవు రాగానే చెయ్యెత్తేదాన్ని. నేను చెయ్యెత్తితే గానీ ఆ మహా దర్శకుడు కెమెరా తిప్పడానికి లేదు. ఆ గర్వం అంతా ఇంతా కాదు. సినిమా చివర పేర్లలో నా పేరు పక్కన జపాన్ భాషలో ఏదో ఉంటే ఆ అమ్మాయిని అడిగాను. 'అగరొత్తుల బాధ్యులు' అని ఉందట. అమ్మ దాన్ని ఫ్రేము కట్టించింది.

ఆ తర్వాత ఎవరూ నన్ను అగరొత్తులకి పిలవలేదు. ఇప్పుడు డబ్లిన్‌లో ఓ సాఫ్ట్‌వేర్ కొలువు, పొద్దున్నే లువాస్ ట్రాము ఎక్కడం, సాయంత్రం దిగడం. మొన్న జపాన్ అమ్మాయి దగ్గర్నించి మెసేజి వచ్చింది. పెద్దాయన పోయారట. నిద్రలోనే, ఏ బాధా లేకుండా. కింద ఒక ఫోటో పెట్టింది. నల్ల ఫ్రేములో ప్రెసిడెంట్ అంకుల్ పెద్దది చేయించిన, గ్లాసుతోపాటు ఆయన వెంట తీసుకెళ్ళిన ఆ ఫోటోయే, చుట్టూ తెల్ల చామంతులు, దీపం. ముందు మా అక్క స్టీలు గ్లాసు, నిండా బియ్యం, అందులో అగరొత్తి. వేళ్ళతో పెద్దది చేసి చూస్తే గ్లాసు మీద అమ్మమ్మ పేరు. తన ఆఖరి సీనుకి ఏమేం కావాలో ఆయనే ముందుగా చెప్పి పెట్టారట.

అక్కకి ఫోన్ చేసి చెప్పాను. వెనక బావ గొంతు, "నేను అప్పుడే చెప్పలా, నిద్రలోనే అని!" అంటూ, అంటూనే మధ్యలో ఆగిపోయింది. తర్వాత అక్క ముక్కు చీదుకుని, "గ్లాసు తోమే పెట్టారంటావా?" అంది. ఇద్దరం నవ్వాం. నవ్వుతూ ఏడ్చాం.

చచ్చినవాణ్ణి ఉద్యోగం అడిగిన ఆ ముక్కుకారే పిల్ల గుర్తొచ్చింది. ఎంత సిగ్గులేని పిల్ల! ఇప్పుడు నేనైతే అలా అడగను. ముందు మెయిల్ పెడతాను, రెండు వారాలు ఆగుతాను, మర్యాదగా గుర్తుచేస్తాను. ఇంత పద్ధతి నేర్చుకున్నాక నాకు జీతం పెరిగింది గానీ, నేను చెయ్యెత్తేదాకా ఎవరూ దేనికోసమూ ఆగలేదు. లేచి వంటింట్లోకెళ్ళి, గ్లాసులో బియ్యం పోసి, ఒక అగరొత్తి వెలిగించి గుచ్చాను. పాత అలవాటు కదా, పొడవు చూశాను. ఇంకా ఎక్కువుంది. సగానికి కాస్త పైకి వచ్చేదాకా పక్కనే కూర్చుని, ఎవరూ లేని ఆ వంటింట్లో చెయ్యెత్తాను.